గోలు కాచువాడు

ఫుట్‌బాలు ఆటలో ఒక్కొక్క జట్టునకు పదునొకండుగురు ఆటగాండ్రుందురు. వారిలో పదిమంది చేతితో బంతిని తాకినచో తప్పు. పదునొకండవవానికి మాత్రము చేతులుపయోగించు హక్కు కలదు. అతడే గోల్‌కీపరు. అతడు కాపాడవలసిన గోలు 24 అడుగుల వెడల్పును, 8 అడుగుల ఎత్తును గలది. చిన్న ఇంటి ముఖభాగమంత చోటును ఒక్క మనుష్యుడు తన రెండు చేతులతో మూయవలెనన్నమాట.

ఈ హక్కు మొదటినుండి ఇట్లే లేదు. ఇంగ్లండులో ఏర్పడిన ఫుట్‌బాలు నియమములలో గోల్‌కీపరను పేరు 1871లో మొదటిసారి చేరినది. 1912 వరకు అతడు తన జట్టువైపు సగము మైదానములో ఎక్కడనైనను బంతిని చేతితో ఆపవచ్చును. ఆ సంవత్సరమున ఆ హక్కు గోలు ముందున్న పెనాల్టీ ప్రదేశమునకు పరిమితమయ్యెను. తన జట్టువాడు బుద్ధిపూర్వకముగా కాలితో వెనుకకు పంపిన బంతిని గోల్‌కీపరు చేతితో పట్టరాదను నియమము 1992లో వచ్చెను. కావున నేటి గోల్‌కీపరునకు చేతులవలెనే కాళ్ళును పనిచేయవలెను.

గోలు కొట్టువాడు పది అవకాశములను పోగొట్టుకొని పదునొకండవదానిని సాధించినచో జనులు అతనిని భుజములపై మోసికొని పోదురు. గోల్‌కీపరు పదింటిని ఆపి పదునొకండవదానిని విడిచినచో ఆ విడిచినదే అందరికిని గుర్తుండును. పెనాల్టీ కొట్టునప్పుడు బంతికిని గోలుకును నడుమ దూరము 12 గజములే. బంతి కాలిని విడిచిన తరువాత ఇంచుమించు అర సెకనులో గోలును చేరును. ఆలోచించి కదలుటకు వ్యవధి యుండదు.

ఇంతకంటెను కష్టమైనది మరియొకటి కలదు. ఇతర ఆటగాండ్రు అవసరమునుబట్టి ఒక చోటినుండి మరియొక చోటికి మారి ఆడవచ్చును. గోల్‌కీపరు స్థానము ఒక్కటే. అందొకడు కుదురుకొనియున్నంత కాలము రెండవవాడు, మూడవవాడు వేచియుండవలసినదే. అందుచేత ఈ వృత్తిలో ప్రవేశించు యువకునకు దేహబలముతోపాటు ఓర్పు మిక్కిలి అవసరము. ఈ సంగతి ఇంగ్లండు దేశపు గోల్‌కీపరు గోర్డన్ బ్యాంక్స్ జీవితమువలన చక్కగా తెలియును.

బ్యాంక్స్ 1937 డిసెంబరు 30వ తేదీన షెఫీల్డు నగరమున జన్మించెను. అది ఉక్కు కర్మాగారములకు ప్రసిద్ధి కెక్కిన ఊరు. 1952 డిసెంబరులో, పదునైదేండ్ల ప్రాయమున, అతడు బడి విడిచి ఒక బొగ్గు వర్తకునివద్ద గోతములు నింపు పనిలో చేరెను. బరువులెత్తుటచే అతని భుజములు, చేతులు బలపడినవి. ఒకనాడు మిల్‌స్పా అను చిన్న క్లబ్బు ఆటకు దాని గోల్‌కీపరు రాలేదు. చూడవచ్చినవారిలో బ్యాంక్స్ ఉండెను. అతడు పూర్వము షెఫీల్డు బాలుర జట్టులో ఆడినవాడని ఆ క్లబ్బు శిక్షకునకు తెలియును. అప్పటికప్పుడే అతనిని గోలులో నిలిపిరి.

అక్కడి ఆటను చూచి రామార్ష్ అను మరికొంత పెద్ద క్లబ్బువారు అతనిని పిలిచిరి. ఆ క్లబ్బు తరఫున ఆడిన మొదటి ఆటలోనే ఎదుటి జట్టు అతనిపై 12 గోలులు చేసెను. రెండవ ఆటలోను ఓటమియే. వారతనిని తొలగించిరి. బ్యాంక్స్ మరల మిల్‌స్పాకు తిరిగివచ్చెను. బొగ్గుపని మాని, ఇల్లు కట్టుచోట ఇటుకలు మోయు కూలిపనిలో ప్రవేశించెను. పన్నెండు గోలులు మోసిన బాలునకు ఆటపై విరక్తి కలిగిన నాశ్చర్యము లేదు. అతడు మాత్రము ప్రతి శనివారమును గోలులో నిలుచుట మానలేదు.

1953 మార్చిలో చెస్టర్‌ఫీల్డు క్లబ్బువారు అతనిని పరీక్షార్థము తమ యువకుల జట్టులో ఆరు ఆటలాడనిచ్చిరి. జూలైలో వారమునకు మూడు పౌనుల జీతముపై చేర్చుకొనిరి. అది పూర్తి ఉద్యోగము కాదు. పని చేసికొనుచునే ఆట నేర్చుకొనవలసిన ఏర్పాటు. 1954–55 సంవత్సరమున అతడు ఆ క్లబ్బు రెండవ జట్టులో ఆడెను. ఆ జట్టు తనకంటె మిక్కిలి గొప్పవైన క్లబ్బుల రెండవ జట్లతో తలపడవలసి వచ్చెను. ఆ యేడు అది మూడు ఆటలు మాత్రమే గెలిచి పట్టికలో కట్టకడపట నిలిచెను. బ్యాంక్స్‌పై 122 గోలులు వచ్చినవి. అయినను క్లబ్బువారు అతనిని విడువలేదు. ఓడిపోవు జట్టు గోల్‌కీపరునకు పని యెక్కువ. ఒక్క యేటిలో అతడు ఎదుర్కొన్న బంతులను, గెలుచు జట్టులోనివాడు మూడేండ్లకైనను ఎదుర్కొనడు. ఆ ఓటములే అతనికి పాఠశాల అయ్యెను.

1956లో చెస్టర్‌ఫీల్డు యువకుల జట్టు దేశములోని యువజట్ల పోటీలో ఫైనలు వరకు వచ్చి మాంచెస్టర్ యునైటెడ్ జట్టు చేతిలో ఒక్క గోలు తేడాతో ఓడెను. ఆ కాలమున ఇంగ్లండు యువకులు కొంతకాలము సైనికసేవ చేయవలసియుండెను. బ్యాంక్స్ ఆ సేవకై జర్మనీకి పోయి అక్కడను ఆట సాగించెను. తిరిగివచ్చిన పిదప, 1958 నవంబరులో, ఇరువది యొకటవ యేడు నిండవచ్చుచుండగా, చెస్టర్‌ఫీల్డు మొదటి జట్టులో అతనికి చోటు దొరకెను. పరీక్షకు వచ్చిన నాటినుండి అప్పటికి అయిదేండ్లు గడచినవి. ఆ తరువాత ఒక్క యేడైనను పూర్తికాకమునుపే, 1959 జూలైలో, లీస్టర్ సిటీ క్లబ్బు 7,000 పౌనులిచ్చి అతనిని తీసికొనెను. జీతము వారమునకు 15 పౌనులయ్యెను.

లీస్టరులోను సిద్ధమైన ఆసనమేమియు లేదు. అక్కడ అదివరకే డేవ్ మెక్‌లారెన్ అను ప్రధాన గోల్‌కీపరుండెను. అతనికి గాయమైనప్పుడు బ్యాంక్స్‌కు ఆడు అవకాశము వచ్చెను. తనలోని లోపములను బ్యాంక్స్ తానే వెదకికొనెను. ప్రక్కనుండి ఎత్తుగా వచ్చు బంతులను ముందుకు వచ్చి పట్టుకొనుటలో అతడు బలహీనుడు. నాడు గోల్‌కీపరులకు ప్రత్యేక శిక్షకులుండుట అరుదు. కావున అందరును ఇండ్లకు పోయిన తరువాతను, సెలవు దినములందును మైదానమునకు వచ్చి, అట్టి బంతులనే మరల మరల కొట్టించుకొని అభ్యసించెను.

గోలుకాచుటలో ముఖ్యమైన రహస్యము నిలుచుచోటును ఎన్నుకొనుట. గోలుగీత నడుమ నిలుచున్నవానికి ఇరుప్రక్కల పన్నెండేసి అడుగుల చోటుండును. అతడు బంతివైపు కొన్ని అడుగులు ముందుకు వచ్చినచో, కొట్టువాని కంటికి ఆ చోటు ఇరుకగును. దీపమునకు దూరమున నున్న అరచేయి గోడపై చిన్న నీడను, దగ్గర నున్నది పెద్ద నీడను వేయును గదా! అట్లే బంతిని సమీపించినకొలదిని గోల్‌కీపరు దేహము గోలులో ఎక్కువ భాగమును కప్పును. అయితే మితిమీరి ముందుకు వచ్చినచో బంతి తలమీదుగా వెనుకకు పోవును. ఎన్ని అడుగులు వేయవలెనో, ఎచ్చట ఆగవలెనో ఏ పుస్తకమును చెప్పజాలదు. అది అభ్యాసమువలననే అలవడును. చూచువారు గోల్‌కీపరు ఎగిరి దూకుటను మెచ్చుకొందురు. సరియైన చోట నిలుచున్నవానికి దూకవలసిన పని తరచుగా ఉండదు.

1963లో బ్యాంక్స్ ఇంగ్లండు జట్టులో స్థానము పొందెను. 1966లో ప్రపంచపు పోటీలు ఇంగ్లండులోనే జరిగినవి. సెమీఫైనలులో పోర్చుగలు ఆటగాడు యూసేబియో పెనాల్టీ కొట్టువరకు అతనిపై ఎవ్వరును గోలు చేయజాలరైరి. ఫైనలులో ఇంగ్లండు పశ్చిమ జర్మనీని 4–2 గోలులతో ఓడించి ప్రపంచ విజేత అయ్యెను. ఇటుకలు మోసిన బాలుడు జగద్విజేతల జట్టులో ఒకడయ్యెను.

అయినను తాడిని తన్నువాని తలదన్నువాడుండునని పెద్దలందురు. లీస్టరు నగరముననే పుట్టిన పీటర్ షిల్టన్ అను బాలుడు ఆ క్లబ్బులో శిక్షణ పొందుచుండెను. అతని శక్తిని ముందుగా గుర్తించినవారిలో బ్యాంక్స్ ఒకడు. 1966 మేలో, పదునారవ యేట, షిల్టన్ మొదటి జట్టులో ఆడెను. మరుసటి యేడు తనకు స్థిరమైన చోటు కావలెననియు, లేనిచో వేరు క్లబ్బునకు పోదుననియు చెప్పెను. ఒక్క చోటునకు ఇద్దరు సమర్థులు! క్లబ్బువారు కుఱ్ఱవానినే ఉంచుకొని, ప్రపంచపు పోటీ గెలిచి సంవత్సరమైనను నిండని బ్యాంక్స్‌ను 1967లో సుమారు 50,000 పౌనులకు స్టోక్ సిటీ క్లబ్బునకు ఇచ్చివేసిరి. ఈ నిర్ణయము బ్యాంక్స్‌కు బాధాకరమే. కాని క్లబ్బువారి ఎంపిక వ్యర్థము కాలేదు. షిల్టన్ ఇంగ్లండు తరఫున 125 ఆటలాడి ఆ దేశపు పురుషుల జట్టులో అందరికంటె ఎక్కువ ఆటలాడినవాడయ్యెను.

బ్యాంక్స్ క్రుంగిపోలేదు. 1970లో మెక్సికో దేశమున జరిగిన ప్రపంచపు పోటీలో, జూన్ 7వ తేదీన, ఇంగ్లండు బ్రెజిలుతో తలపడెను. బ్రెజిలు ఆటగాడు జైర్జిన్యో ప్రక్కగీతవెంట పరుగెత్తి బంతిని గోలు ముందునకు ఎత్తివేసెను. పేలే ఎగిరి తలతో దానిని నేలవైపునకు బలముగా కొట్టెను. అప్పుడు బ్యాంక్స్ రెండవవైపు స్తంభమువద్ద ఉండెను. అతడు గోలునకు అడ్డముగా వచ్చి కుడివైపునకు దూకెను. బంతి నేలను తాకి పైకి లేచు క్షణమున చేతితో దానిని అడ్డుకమ్మీ మీదుగా తప్పించెను. ఆ ఆటలో ఇంగ్లండు ఒక గోలుతో ఓడినను, ఆ ఒక్క కార్యమును లోకము నేటికిని కొనియాడుచున్నది. ఒక వారము పిదప బ్యాంక్స్ ఉదరవ్యాధికి లోనై పశ్చిమ జర్మనీతో ఆడలేకపోయెను. ఆ పోటీలో అంతవరకు ఒక్క ఆటయైనను ఆడని పీటర్ బొనెట్టి అతని చోట నిలువవలసి వచ్చెను. మొదట రెండు గోలులు ముందున్న ఇంగ్లండు 2–3 గోలులతో ఓడెను. వేచియుండువాడు ఏ క్షణమునకైనను సిద్ధముగా నుండవలెననుటకు ఇంతకంటె నిదర్శనము కావలయునా?

1972 అక్టోబరు 22వ తేదీన జరిగిన మోటారు ప్రమాదములో బ్యాంక్స్ కుడికంటి చూపు పోయెను. అప్పటికతనికి ముప్పదినాలుగేండ్లు. గోల్‌కీపరులు ఇతర ఆటగాండ్రకంటె ఎక్కువ యేండ్లు ఆడగలరు గనుక అతనికింకను కొంతకాలము మిగిలియుండెను. బంతి దూరమును కనిపెట్టుటకు రెండు కన్నులును కావలెను. అయినను 1977లో అతడు అమెరికాకు పోయి ఫోర్ట్ లాడర్‌డేల్ క్లబ్బు తరఫున ఒంటికంటితోనే గోలు కాచెను. 2019 ఫిబ్రవరి 12వ తేదీన మరణించెను.

బ్యాంక్స్ కాలమునుండి నేటికి ఈ మార్గము చాల మారినది. నేడు ఇంగ్లండులో క్లబ్బులు ఎనిమిది తొమ్మిదేండ్ల బాలురనే తమ శిక్షణాలయములలో చేర్చుకొనును. పదునారవ యేట కొందరిని మాత్రమే ఎన్నుకొని రెండేండ్లపాటు భృతినిచ్చి శిక్షణ ఇచ్చును. ఆ కాలమున చదువు కూడ సాగవలెను. పదునేడవ యేటినుండి వృత్తి ఒప్పందము పొందవచ్చును. పెద్ద క్లబ్బులలో గోల్‌కీపరులకు వేరుగా శిక్షకులున్నారు. ఇన్ని మారినను మైదానమునందు చోటు మాత్రము ఒక్కటిగానే నిలిచినది. అందుచేత క్లబ్బులు తమ యువ గోల్‌కీపరులను చిన్న క్లబ్బులకు కొన్ని నెలలపాటు ఎరువుగా పంపును. 1994లో జన్మించిన జోర్డన్ పిక్‌ఫర్డ్ ఎనిమిదవ యేట సండర్లండ్ క్లబ్బులో చేరెను. ఆ క్లబ్బు అతనిని డార్లింగ్టన్ మొదలు ప్రెస్టన్ వరకు ఆరు క్లబ్బులకు ఎరువిచ్చెను. 2016లో గాని సొంత క్లబ్బు మొదటి జట్టులో అతడు ఆడలేదు. 2017లో ఎవర్టన్ క్లబ్బు మొదటగా 250 లక్షల పౌనులిచ్చి అతనిని తీసికొనెను. 2018లో అతడు ప్రపంచపు పోటీలలో ఇంగ్లండు గోల్‌కీపరు.

మన దేశమునను ఈ విద్యలో పేరెన్నికగన్నవారున్నారు. 1935లో హైదరాబాదున పుట్టిన పీటర్ తంగరాజ్ మొదట ముందువరుసలో ఆడి, సైన్యములో చేరిన పిదప గోలు కాచుటకు మారెను. 1960లో రోము ఒలింపిక్సులో ఆడెను. 1962లో జకార్తాలో బంగారు పతకము గెలిచిన భారత జట్టులో నుండెను. 1967లో అర్జున పురస్కారము పొందెను. ఆ జట్టు శిక్షకుడు సయ్యద్ అబ్దుల్ రహీమ్ కూడ హైదరాబాదువాడే. ఆ కాలమున మన ఆటగాండ్రకు ఆటయే జీవనాధారము కాదు. సైన్యములోనో, పోలీసు శాఖలోనో, రైల్వేలోనో ఉద్యోగము చేయుచు ఆడెడివారు. నేటి యువకునకు ఆటయే వృత్తి కాగలదు. 1992లో జన్మించిన గుర్‌ప్రీత్ సింగ్ సంధు 2014లో నార్వే దేశపు స్టాబెక్ క్లబ్బులో చేరెను. అక్కడి ప్రథమశ్రేణి లీగు పోటీలో మొదటి ఆట ఆడుటకు అతడు 2016 వరకు వేచియుండెను.

శిక్షణాలయములలో చేరిన బాలురలో ఎక్కువమంది ఈ వృత్తిలో స్థిరపడజాలరు. కావున ఆటతోపాటు చదువునో, మరియొక పనినో చేతనుంచుకొనుట వివేకము. చోటు దొరకినవాడైనను దానిని తనదని నమ్మి యుండరాదు. అతనివెనుక మరియొకడు ప్రతి దినమును అభ్యాసము చేయుచునే యుండును. తన వంతు రానప్పుడు సిద్ధపడుటయు, వచ్చినప్పుడు తొట్రుపడకుండుటయు, పోయినప్పుడు మరల మొదలుపెట్టుటయు తెలిసినవాడే గోలు కాచుటకు తగినవాడు.