పైపై చాక్లెట్‌తో సరిపెట్టొద్దు

గోదావరి తోటల్లో కోకో, అరటి రెండూ పండుతున్నాయి. ఇంటి ఓవెన్‌లో వాటిని కలిపి 'పై' చేసుకోవడం తేలికే. కాకపోతే చాక్లెట్ పేరుతో ఏం కొంటున్నామో ముందు తెలుసుకోవాలి.

'పై' చేయడం బ్రహ్మవిద్యేం కాదు. మైదా, వెన్న కలిపి కాల్చిన గుల్లటి పళ్లెంలాంటి అడుగు, అందులో పండు ముక్కలు, వాటి మీద చాక్లెట్. అంతే సరుకు. అయినా కేకు వచ్చినంత తొందరగా ఇది తెలుగు ఇళ్లలోకి రాలేదు. కుక్కర్‌లో ఇసుక పోసి కేకు చేసిన తరం ఒకటుంది. ఓటీజీలు, కన్వెక్షన్ మైక్రోవేవ్‌లు మధ్యతరగతి వంటిళ్లకు చేరాక బిస్కట్లు, బ్రౌనీలు కూడా అలవాటయ్యాయి. 2020లో కొవిడ్ లాక్‌డౌన్ పుణ్యమా అని ఇంట్లో బేకింగ్ చేసేవాళ్ల సంఖ్య ఒక్కసారిగా పెరిగింది. వాళ్లలో కొందరు తర్వాత దాన్నే చిన్నపాటి వ్యాపారంగా మార్చుకున్నారు. అలా చేయి తిరిగినవాళ్లు కూడా 'పై' దగ్గరికొచ్చేసరికి వెనకాడతారు. పిండి గట్టిపడుతుందని, పండు నీరు వదిలి అడుగంతా మెత్తబడుతుందని వాళ్ల భయం. ఆ రెండింటికీ మందుంది. ఎవరూ పెద్దగా పట్టించుకోనిది మూడోదుంది. అదే చాక్లెట్.

పేరొకటి, సరుకొకటి

బేకింగ్ సామగ్రి అమ్మే దుకాణంలో చాక్లెట్ అడిగితే సాధారణంగా చేతిలో పెట్టేది అరకిలో పలక. నల్లగా, నున్నగా ఉంటుంది. దాని మీద 'డార్క్ కాంపౌండ్' అని రాసి ఉంటుంది. రెండో పదాన్ని చాలామంది చదవరు. కాంపౌండ్‌కీ చాక్లెట్‌కీ తేడా కొవ్వులో ఉంది. కోకో గింజ పొట్టు తీస్తే మిగిలే పప్పులో సగానికి పైగా ఉండేది కోకో బటర్ అనే కొవ్వే. అసలు చాక్లెట్‌కు ప్రాణం అదే. అది దాదాపు 34 డిగ్రీల సెల్సియస్ దగ్గర కరుగుతుంది. అంటే మన ఒంటి వేడికి కాస్త తక్కువలో. అందుకే నోట్లో వేసుకోగానే చాక్లెట్ ఇట్టే కరిగిపోతుంది. కాంపౌండ్‌లో కోకో బటర్ స్థానంలో పామ్ కెర్నల్ నూనె లాంటి వనస్పతి కొవ్వులు వాడతారు. రంగు, కాస్త వాసన కోసం కోకో పొడి కలుపుతారు. తిన్నాక నాలుక మీద, అంగిట్లో మైనం పూసినట్టు అనిపిస్తే అది ఆ కొవ్వు మహిమే.

భారత ఆహార భద్రత, ప్రమాణాల సంస్థ (ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ) నిబంధనల ప్రకారం చాక్లెట్‌లో కోకో బటర్ కాకుండా ఇతర వనస్పతి కొవ్వులు 5 శాతానికి మించకూడదు. ఆ కొద్దిపాటి కలిపినా లేబుల్ మీద చెప్పాలి. కంపెనీలు 'కాంపౌండ్' అనే మాట వాడేది అందుకే. అంటే లేబుల్ అబద్ధమాడటం లేదు. మనమే చదవడం లేదు. కాంపౌండ్ విషమేమీ కాదన్నదీ నిజమే. నూనెలు, కొవ్వుల్లో ట్రాన్స్‌ఫ్యాట్ 2 శాతానికి మించకూడదన్న నిబంధన 2022 జనవరి నుంచి అమల్లోకి రావడంతో పాత బెంగ కొంత తీరింది. ఇక్కడ పేచీ రుచి గురించి, ఇచ్చిన డబ్బుకు దక్కేదాని గురించి.

కాంపౌండ్ ఎందుకంత పాతుకుపోయింది? ధర ఒక కారణం. అసలు బేకింగ్ చాక్లెట్ దానికంటే రెండు మూడు రెట్లు ఖరీదు. రెండో కారణం మన ఎండలు. మూడోది అన్నిటికంటే ముఖ్యమైనది, టెంపరింగ్ బెడద. కరిగించిన అసలు చాక్లెట్‌ను ఊరికే చల్లారనిస్తే తెల్లటి చారలతో, మెరుపు లేకుండా, పొడిపొడిగా గడ్డకడుతుంది. కోకో బటర్ ఆరు రకాల స్ఫటికాలుగా పేరుకోగలదు. వాటిలో ఒక్క రకం మాత్రమే మెరుపునూ, విరిస్తే టప్పుమనే గుణాన్నీ ఇస్తుంది. దాన్ని రప్పించడానికి డార్క్ చాక్లెట్‌ను 45-50 డిగ్రీల దాకా వేడి చేసి, 27-28కి చల్లార్చి, తిరిగి 31-32కి తేవాలి. థర్మామీటర్ లేని వంటింట్లో అది కత్తి మీద సామే. కాంపౌండ్‌కు ఆ బాధ లేదు. కరిగించి పోస్తే చాలు, గడ్డకట్టి కూర్చుంటుంది.

అయితే అసలు కిటుకు ఇక్కడే ఉంది. పండ్ల 'పై'కి టెంపరింగ్ అక్కర్లేదు. ఇందులో చాక్లెట్‌ను పలకగా పోయరు. వేడి క్రీములో కరిగించి గనాష్ అనే ముద్ద చేస్తారు. అది మెత్తగా ఉండాలి గానీ విరగనక్కర్లేదు. ఎలాగూ ఫ్రిజ్‌లో ఉంచి చల్లగా తింటారు కాబట్టి ఎండల గొడవా లేదు. చేతకాదన్న భయంతో అసలు చాక్లెట్ జోలికి వెళ్లని ఇంటి బేకర్లకు ఇంతకంటే మంచి ఆరంభం లేదు. ఒక 'పై'కి కావలసింది 200 గ్రాములు. ఖర్చులో తేడా ఒకటి రెండు వందల రూపాయలు.

కొబ్బరి నీడన కోకో

చాక్లెట్ అంటే స్విట్జర్లాండో, బెల్జియమో గుర్తొస్తాయి. అక్కడ కోకో చెట్టు బతకదు. దానికి వేడి, తేమ, నీడ కావాలి. ఆ మూడూ ఉన్నవి గోదావరి జిల్లాల కొబ్బరి, ఆయిల్‌పామ్ తోటలు. 1960ల్లో క్యాడ్‌బరీ చొరవతో కేరళలో ఊపందుకున్న వాణిజ్య సాగు తర్వాత ఆంధ్రప్రదేశ్‌కు పాకింది. ఇప్పుడు దేశంలో పండే కోకోలో దాదాపు 40 శాతం ఆంధ్రప్రదేశ్‌దే. అందులో సింహభాగం ఏలూరు, పశ్చిమ, తూర్పు గోదావరి, కోనసీమ ప్రాంతాలది. కొబ్బరి చెట్ల మధ్య ఖాళీలో పెరిగే అంతరపంట కాబట్టి రైతుకు అదనపు ఆదాయం.

కోకో కాయ కొమ్మల చివర కాకుండా నేరుగా మాను మీదే కాస్తుంది. కోస్తే లోపల తెల్లటి తియ్యని గుజ్జులో 30-40 గింజలుంటాయి. అప్పుడు వాటికి చాక్లెట్ వాసన ఉండదు. గుజ్జుతో సహా పెట్టెల్లోనో, అరటాకులు కప్పిన కుప్పల్లోనో అయిదారు రోజులు పులియబెడతారు. కుప్ప లోపల వేడి 45-50 డిగ్రీలకు చేరుతుంది. ఆ పులుపుతోనే గింజలో చేదు, వగరు తగ్గి చాక్లెట్ రుచికి పునాది పడుతుంది. తర్వాత ఎండబెట్టడం, వేయించడం, పొట్టు తీయడం, గంటల తరబడి రుబ్బడం. పులియబెట్టడంలో తేడా వస్తే ఆ తర్వాత ఎంత రుబ్బినా లాభం లేదు.

మన గింజలు చాలాకాలం పెద్ద కంపెనీల గోదాముల్లో కలిసిపోయి ఊరూ పేరూ లేకుండా పోయాయి. ఇప్పుడు కొంత మార్పు వస్తోంది. ఆరోవిల్‌లో మేసన్ అండ్ కంపెనీ, కొచ్చిలో పాల్ అండ్ మైక్ లాంటివి భారతీయ గింజలతోనే చాక్లెట్ చేస్తున్నాయి. హైదరాబాద్‌లో చైతన్య ముప్పాళ స్థాపించిన 'మనం చాక్లెట్' 2023లో బంజారాహిల్స్‌లో తలుపులు తెరిచింది. గోదావరి ప్రాంత రైతుల నుంచి గింజలు తీసుకుని దగ్గరుండి పులియబెట్టించడం దాని ప్రత్యేకత. ఆ కార్ఖానాకు 2024లో టైమ్ పత్రిక ప్రపంచ గొప్ప ప్రదేశాల జాబితాలో చోటు దక్కింది.

పేరొచ్చినంత మాత్రాన రైతు కష్టం తీరలేదు. ప్రపంచ కోకోలో సగానికి పైగా పండించే ఐవరీ కోస్ట్, ఘనాలలో తెగుళ్లు, వాతావరణం దెబ్బతీయడంతో 2024 మార్చిలో అంతర్జాతీయ ధర టన్నుకు 10,000 డాలర్లు దాటింది. అదే ఏడాది డిసెంబర్‌లో 12,000 కూడా దాటింది. 2024 వేసవిలో గోదావరి రైతుకు కిలో ఎండు గింజలకు వెయ్యి రూపాయల దాకా వచ్చింది. మరుసటి ఏడాదికే ఆ ధర సగానికి పడిపోయి, కొనేవాళ్లు కరవై రైతులు రోడ్డెక్కారు. చివరికి కిలోకు రూ.500 దక్కేలా రాష్ట్ర ప్రభుత్వం జోక్యం చేసుకోవాల్సి వచ్చింది. విచిత్రం ఏమిటంటే దేశంలో పండే కోకో మన పరిశ్రమ అవసరాలకు చాలదు. ఏటా దిగుమతి చేసుకుంటున్నాం. గింజ ధర పెరిగినప్పుడల్లా తయారీదారులు కోకో బటర్ తగ్గించి చవక కొవ్వుల వైపు చూస్తారు. వినియోగదారుడు తేడా గుర్తించకపోతే వాళ్లకు అడ్డేముంది?

బొబ్బట్టుకు రివర్స్

ఇక వంటింట్లోకి. బొబ్బట్ల పిండిని బాగా మర్దించి, నూనెలో నానబెడతాం. అది సాగాలి. 'పై' పిండి అందుకు పూర్తిగా వ్యతిరేకం. అది సాగకూడదు. కజ్జికాయల పిండికి నెయ్యి పట్టించి గుల్లగా చేసుకున్నట్టే ఇదీ. మైదాలో నీళ్లు పోసి పిసికితే గ్లూటెన్ అనే జిగురు పుడుతుంది. ముందే వెన్న పట్టిస్తే ఆ జిగురు పుట్టడానికి వీలుండదు.

23 సెంటీమీటర్ల పళ్లేనికి 200 గ్రాముల మైదా, రెండు చెంచాల పంచదార పొడి, చిటికెడు ఉప్పు కలపాలి. ఉప్పు వేసిన వెన్నయితే మళ్లీ ఉప్పు అక్కర్లేదు. ఫ్రిజ్‌లోంచి అప్పుడే తీసిన 100 గ్రాముల వెన్నను చిన్న ముక్కలు చేసి, వేళ్ల కొసలతో బొంబాయి రవ్వలా అయ్యేదాకా నలపాలి. మూడు నాలుగు టేబుల్ స్పూన్ల మంచు నీళ్లు చిలకరించి ముద్ద కట్టాలి. పిసకకూడదు. వేసవిలో వెన్న చేతిలోనే కరుగుతుంది కాబట్టి ఈ పని తెల్లవారుజామున పెట్టుకోవడం మేలు. ముద్దను అరగంట ఫ్రిజ్‌లో ఉంచి, చపాతీలా ఒత్తి, పళ్లెంలో పరిచి, ఫోర్కుతో అక్కడక్కడా పొడిచి మరో 20 నిమిషాలు చల్లబరచాలి. తర్వాత బటర్ పేపర్ పరిచి, దాని మీద గుప్పెళ్లతో రాజ్మానో, సెనగలో పోయాలి. పిండి పొంగకుండా, అంచులు జారకుండా ఆ బరువు ఆపుతుంది. 180 డిగ్రీల దగ్గర 15-20 నిమిషాలు కాల్చి, గింజలూ కాగితమూ తీసేసి, బంగారు రంగు వచ్చేదాకా మరో 10-12 నిమిషాలు ఉంచాలి.

అడుగు మెత్తబడకుండా చేసే ఉపాయం కూడా చాక్లెట్‌లోనే ఉంది. పూర్తిగా చల్లారిన అడుగుకు రెండు చెంచాల కరిగించిన చాక్లెట్ పలచగా పూయాలి. కరిగించే గిన్నెలో నీటి చుక్క కూడా ఉండకూడదు. ఉంటే చాక్లెట్ గడ్డలు కడుతుంది. ఆ పూత గట్టిపడితే కొవ్వు పొర నీటిని కిందికి దిగనివ్వదు. దాని మీద అర సెంటీమీటరు మందాన తరిగిన మూడు నాలుగు చక్కరకేళీ అరటిపండ్లు పరవాలి. ముక్కలకు కాస్త నిమ్మరసం పట్టిస్తే నల్లబడవు.

గనాష్‌కు 55-60 శాతం కోకో ఉన్న డార్క్ చాక్లెట్ 200 గ్రాములు సన్నగా తరగాలి. 180 మిల్లీలీటర్ల క్రీమును అంచుల్లో బుడగలు వచ్చేదాకా వేడి చేసి దాని మీద పోసి, రెండు నిమిషాలు కదపకుండా వదిలేయాలి. అప్పుడు మధ్యలోంచి మెల్లగా కలిపితే నిగనిగలాడే ముద్ద తయారవుతుంది. చెంచా వెన్న వేసి, కాస్త చల్లారాక పండ్ల మీద పోసి, మూడు గంటలు ఫ్రిజ్‌లో ఉంచితే సరి. తినడానికి 20 నిమిషాల ముందే బయటికి తీయాలి. మరీ చల్లగా ఉంటే చాక్లెట్ రుచి నాలుకకు అందదు.

అరటే ఎందుకంటే దానిలో నీరు తక్కువ, తీపి ఎక్కువ. డార్క్ చాక్లెట్ చేదుకు సరిజోడు. మామిడి కాలంలో పీచు లేని బంగినపల్లి బాగుంటుంది. ముక్కలను కాసేపు జల్లెడలో ఉంచి రసం కారనివ్వాలి. స్ట్రాబెర్రీ, నారింజ తొనలు వాడితే తడి తుడిచి వేయాలి. పుచ్చకాయ జోలికి మాత్రం వెళ్లొద్దు.

లేబుల్‌లో మొదటి మూడు

చాక్లెట్ కొనేటప్పుడు చూడాల్సింది పొట్లం వెనక వైపు. పదార్థాలను పరిమాణం ఎక్కువ ఉన్నదాని నుంచి తక్కువ దాకా వరసగా రాస్తారు. మొదటి మూడింటిలో పంచదార, కోకో సాలిడ్స్, కోకో బటర్ ఉంటే అది చాక్లెట్. ఆ వరసలో హైడ్రోజనేటెడ్ వనస్పతి కొవ్వు కనిపిస్తే అది కాంపౌండ్. 60 శాతం అని రాసి ఉంటే కోకో ముద్ద, పొడి, కోకో బటర్ కలిపి అంత అని అర్థం. మిగతాది దాదాపుగా పంచదారే.

ఇంట్లో చేసి అమ్మేవాళ్లకు ఇది మరింత ముఖ్యం. కాంపౌండ్‌తో చేసిందాన్ని చాక్లెట్ 'పై' అని అమ్మితే కొన్నవాళ్లకు తెలియకపోవచ్చు. అసలు చాక్లెట్‌తో చేసేవాళ్లు మాత్రం ఆ ధరతో పోటీ పడలేక నష్టపోతారు. ఏది వాడారో చెప్పి, దానికి తగ్గ ధర పెట్టడం ఇద్దరికీ క్షేమం. కొనేవాళ్లు కూడా ఆర్డరిచ్చే ముందు ఒక్క ప్రశ్న అడగొచ్చు: చాక్లెటా, కాంపౌండా? ఆ ప్రశ్న అడిగేవాళ్లు పెరిగితే దుకాణదారు కోకో బటర్ ఉన్న పలకలు తెప్పిస్తాడు, ఏలూరు పక్కన కొబ్బరితోటలో గింజలు పులియబెడుతున్న రైతుకు ఇంకో కొనుగోలుదారు దొరుకుతాడు.