త్సుకిజి చేపలబజారు

చేపలబజారును జూచుటకై దేశాంతరమున వేకువనే లేచి, రుసుము చెల్లించి మరీ పోవుదురా యని మన సోదరీమణులు నవ్వవచ్చును. మన యూళ్ళలో చేపలబజారనగా కుచ్చెళ్ళు పైకెత్తి, ముక్కునకు పైటకొంగు అడ్డము పెట్టుకొని, బేరము ముగియగనే బయటపడవలసిన చోటు. జపాను రాజధానియగు టోక్యోలో అదియే దర్శనీయస్థలమైనది. దానిపేరు త్సుకిజి.

త్సుకిజి యనగా కట్టిన నేలయని యర్థము. టోక్యోకు ఎడోయని పేరున్న కాలమున, 1657లో పుట్టిన మహాగ్నిలో నగరము చాలభాగము దగ్ధమైన పిమ్మట సముద్రమును పూడ్చి సంపాదించిన నేల యిది. చేపల వర్తకము ఆ రోజులలో ఇచ్చట గాక, నగరమధ్యమున నిహొన్‌బాషి వంతెనచెంత జరుగుచుండెడిది. 1923 సెప్టెంబరు 1వ తేదీనాటి భూకంపమునను, దానివెంట రేగిన మంటలలోను ఆ బజారు నశించినది. 1935లో త్సుకిజియందు క్రొత్తబజారు తెరువబడి, ఎనుబది మూడేండ్లు నడచి, ప్రపంచమున చేపలబజారులన్నిటిలోను గొప్పదని పేరొందినది. 2018 అక్టోబరులో ఆ టోకువర్తకమంతయు రెండు కిలోమీటర్లకు మించిన దూరముననున్న తొయోసు అను చోటికి తరలిపోయినది. అచ్చట నిప్పుడు వేలములు మూసిన చల్లనిభవనములలో జరుగును. చూడవచ్చినవారు పైయంతస్తున నిలిచి చూడవలయును. త్సుకిజిలో లోపలిబజారు కట్టడములు పడగొట్టబడినవి. వెలుపలిబజారు మాత్రము నిలిచినది. ఇరుకు సందులలో సుమారు 400 అంగళ్ళు. మేము చూచినది ఈ మిగిలిన భాగమును.

మా తమ్ముడు ఆ నగరమున నిషికసాయి అను పేటలో కాపురమున్నాడు. మన దేశీయులు, వారిలో కంప్యూటరు ఉద్యోగములు చేయు తెలుగువారును, ఆ పేటలో విస్తారముగ గలరు. వేసవిసెలవులలో మేమచ్చట నుండగా మా మరదలు ఈ యుదయపు యాత్రకు ఏర్పాటుచేసినది. మేము నలుగురము, వేరుదేశపు దంపతులిద్దరు, మార్గదర్శిని యొకతె. ఆమె యేబదియేండ్లు దాటిన గృహిణి. చేతిలో చిన్న యెఱ్ఱజెండాయు, చంకసంచిలో అందరికిని చేతులు తుడుచుకొను తడిగుడ్డలును తెచ్చుకొన్నది. బజారులో చెత్త వేయుటకు తొట్టెలు అరుదుగనుక, మేము తిన్న పుల్లలను కాగితములను గూడ ఆమెయే మరియొక సంచిలో వేసికొనుచుండెను.

ఆమె మమ్ము మొదట చేపలకడకుగాక గుడికి గొనిపోయినది. బజారు ప్రక్కనే హోంగ్వాన్‌జి యను బౌద్ధాలయము గలదు. 1934లో ముగిసిన యీ కట్టడమును నిర్మించిన ఇతో చూత యను శిల్పి మన దేశమున పర్యటించినవాడు. జపాను గుళ్ళు సాధారణముగ కొయ్యవి కాగా, ఇది రాతిచైత్యమువలె నున్నది. ముఖద్వారముపైని ఆ వంపు చూడగనే అజంతా గుహలు జ్ఞప్తికి వచ్చినవి. చేపలవాసన సోకు చోట మన బౌద్ధశిల్పము మాకెదురగునని మేమనుకొనలేదు. భూకంపమునకు పూర్వము ఇప్పటి యంగళ్ళున్న సందులలో నీ గుడికి సంబంధించిన చిన్నగుళ్ళు ఉండెడివట.

రెండవగుడి బజారు చివరనున్నది. నామియోకె, అనగా అలలను తొలగించు దేవతయని పేరు. ఈ నేలను పూడ్చునప్పుడు కట్టినకట్టను అలలు మరల మరల కొట్టివేయుచుండగా, నీటిలో తేలివచ్చిన దేవతావిగ్రహమును ప్రతిష్ఠించినంతట సముద్రము శాంతించెనని కథ. మాకు వింతగొలిపినది ఆ గుడియావరణలోని రాళ్ళు. చేపలకొకటి, రొయ్యలకొకటి, కోడిగ్రుడ్లకొకటి స్మారకశిలలు! తమకు జీవనమైన ప్రాణులకు ఆ వర్తకులు నమస్కరించుటకై నిలిపినవి. తినుట మానరు, మ్రొక్కుట మానరు. మావారు దీనినిగూర్చి మార్గదర్శినిని పాఠశాల పరీక్షకునివలె ప్రశ్నించిరి. ఆమె, "తినువారికే గదా ఋణముండునది" అని యూరకుండెను.

అంగళ్ళలోనికి తొమ్మిది గంటలకు ముందు ఆమె మమ్ము రానీయలేదు. అంతకు పూర్వము వచ్చువారు వంటశాలల యజమానులు. వారికి అడ్డుపడరాదని బజారువారి విన్నపము. నడచుచు తినరాదు, కొన్నయంగడి ముందే నిలిచి తినవలెను. చేపను తాకరాదు. మన గోదావరి ప్రక్కవారికి ఈ చివరినియమము దుస్సహము. మొప్పలెత్తి యెఱుపు చూడక, వ్రేలితో నొక్కక చేపను కొనుట యెట్లు? కాని యచ్చటి యంగడివాడు తన చేపను తానే పరీక్షించి, ఫలానిరేవున పట్టినది, ఫలానివిధమున తినదగినది యని వ్రాసిపెట్టును. పట్టినవెంటనే మెదడున గ్రుచ్చి, నెత్తురుతీసి, వెన్నులోనికి తీగ దూర్చుదురు. అందువలన మాంసము బిగిసిపోవుట ఆలస్యమై చాలసేపు చెడక యుండును. వాసన యన్నది మాకు తగిలినది సముద్రపువాసనయే గాని నీచు కాదు.

అట్టుకోళ్ళ దుకాణమున గ్రుడ్డట్లు పోయుటను చాలసేపు చూచితిమి. పెనము గుండ్రనిది గాదు, నలుచదరపు రాగిపెనము. పలుచని పొరపోసి చుట్టి, దానిక్రింద మరల పొరపోసి చుట్టి, పుల్లలతోనే త్రిప్పుచు ఇటుకవలె కట్టుదురు. తీయగనుండును. మావారికి ఆనాడు నచ్చినది అదియొక్కటే.

ట్యూనా యను మహామత్స్యము, మన విశాఖవారు సూరయని పిలుచు జాతి, ఆ బజారునకు రాజు. 2019 జనవరి 5వ తేదీని తొయోసులో ఆ యేటి మొదటివేలమున 278 కిలోల చేప యొకటి 33 కోట్ల 36 లక్షల యెన్నులకు పోయినది. దాని కడుపుక్రింది క్రొవ్వుభాగమే నేడు మిక్కిలి వెలగలది. పూర్వమో, ఆ భాగము నిలువయుండదని పారవేయుచు, పిల్లియైనను దాటిపోవు ముక్కయని యెగతాళి చేయుచుండిరట! రుచియనునది నాలుకలో నెంత, లోకములో నెంత గలదో చెప్పుట కష్టము. మంచుపెట్టెలు వచ్చిన తరువాత ముక్క మారలేదు, వెల మారినది.

ఆ ముక్కతో నిచ్చు వసాబి మన ఆవకు చుట్టము. నీటివాగులలో పెరుగు కొమ్మును సొరచేపచర్మము తాపిన పలకపై వృత్తముగా నూరుదురు. కారము నాలుకపై నిలువక ముక్కున కెక్కి క్షణములో దిగిపోవును. క్రొత్త ఆవకాయజాడీ మూత తీసినవారికి చెప్పనక్కరలేదు.

ఇక మేము మిక్కిలి నేర్చుకొన్నది ఎండుసరకుల యంగడిలో. కాత్సువో యను చేపను చీల్చి, ఉడికించి, ముండ్లేరి, కట్టెలపొగలో పలుమారులు ఆరబెట్టి, శ్రేష్ఠమైనదానికి ఒకవిధమగు బూజు పట్టించి యెండబెట్టుచు, నెలలకొలది శ్రమింతురు. కడకది చేవకొయ్యవలె నగును. రెండుముక్కలు తాకించిన ఖణీలుమనును. దానిని వడ్రంగి చిత్రికపట్టినట్లు పలుచనిపొరలుగ తీసి, కొంబు అను సముద్రపునాచు నానిన వేడినీట వేసి వడియగట్టినది దాషి. మనకు చింతపండుపులుసువలె వారివంటలకెల్ల అది యాధారము. 1908లో ఇకెద కికునయె యను రసాయనశాస్త్రజ్ఞుడు ఆ నాచునీటినుండియే ఉమామి యను రుచిని వేరుపరచెను. మన పెద్దలు రసములారని చెప్పిరి. వారు తీపి పులుపు ఉప్పు చేదులతో దీనిని చేర్చి యైదందురు. మన కారమును వగరును వారు లెక్కింపరు, వారి యీరుచిని మనవారు లెక్కింపలేదు. అయినను సొరకాయకూరలో గుప్పెడు ఎండురొయ్యలు వేయు మన తీరపు ఇల్లాలికి ఆ రుచి పేరు తెలియకున్నను దాని పని తెలియును. ఈమాట మా మరదలు జపానుభాషలో చెప్పగా అంగడియామె సంతోషించి, చారెడు పొరలు మా చేతులలో పోసినది.

ఆ కాత్సువోయే పచ్చిగ మే నెలలో బజారునకు వచ్చును. దానిపైచర్మము మంటపై కాల్చి, లోపల పచ్చిగనే యుంచి, అల్లము వెల్లుల్లులతో పెట్టినది తింటిమి. మొదటిముక్కకు ధైర్యము కావలసినది, రెండవదానికి అక్కరలేకపోయినది. అప్పుడు మార్గదర్శిని నవ్వుచు ఎడోకాలపు సామెత చెప్పినది: ఆలిని కుదువబెట్టియైనను తొలికాత్సువో తినవలెనట! మేము మా మరదలి మొగము చూచితిమి, ఆమె మా మొగము చూచినది. పుస్తెలమ్మియైనను పులస తినవలెనని మన గోదావరిసామెత. సముద్రములు దాటివచ్చినను మగవాని జిహ్వకు మూల్యము చెల్లించునది ఆడుదియే! ఎడోలో ఆలినే కుదువబెట్టిరి, మనవారు పుస్తెలతో సరిపెట్టిరి. పులసను వండునదియు, ముండ్లు తీసి పిల్లలకు పెట్టునదియు, తోకముక్క మిగిలిన తినునదియు నా పుస్తెలుగలామెయే గదా. మార్గదర్శినికి మన సామెతయర్థము చెప్పగా ఆమె చాలసేపు నవ్వి, తరువాత తన నిజమైన వెతను చెప్పినది.

చూడవచ్చువారు పెరుగుచున్నారు, కొని వండువారు తగ్గుచున్నారు. ఈ శతాబ్దారంభమునుండి జపానులో చేపవాడుక తరుగుచు వచ్చినది. 2011 ప్రాంతమున మాంసపువాడుక దానిని మించినది. తన తల్లి యింట చేపను తానే కోసెడిదనియు, తాను కోయించి తెచ్చుకొందుననియు, తన కూతురు వండినదే కొనుననియు ఆమె చెప్పినది. పుల్లకు గ్రుచ్చిన ముక్కలమ్మినచో లాభమెక్కువ, గనుక ఎండుచేపల యంగళ్ళు కొన్ని తినుబండారపు టంగళ్ళగుచున్నవి. మావంటివారు తినిపోవుటచేత ఆ సందులు బ్రతుకుచున్నవి, మావంటివారిచేతనే మారుచున్నవి. ఈ రెండును నిజములే. ఆమె జీవనము గూడ మావంటివారివలననే గదా.

అందుచేత మేమొక చేపనైన కొనక పోరాదని నిశ్చయించుకొంటిమి. 2016లో వెలుపలిబజారున తెరచిన త్సుకిజి ఉవోగషి యను భవనమున 60 వరకు చేపలదుకాణములు గలవు. అచ్చట ఒక యంగడిలో పురుషుడు చేపకోయుచుండగా చిన్నగూటిలో కూర్చున్న స్త్రీ లెక్కలు వ్రాయుచు డబ్బు పుచ్చుకొనుచుండెను. మన రేవులలో గంపనెత్తిన బెట్టి బేరమాడునది స్త్రీయే; అచ్చట బేరము లేదుగాని పద్దు ఆమెచేతిలోనున్నది. మేము కొన్నది సబా యను చేప, మన కానగుర్తకు దగ్గరిచుట్టము. కానగుర్తయను తెలుగుపేరే, 1803లో వెలువడిన పాట్రిక్ రస్సెల్ విశాఖపట్టణపు చేపలగ్రంథముద్వారా, ఆ చేపకు లోకమంతట శాస్త్రనామమైనదని మావారు చెప్పగా మార్గదర్శిని దానిని తన పుస్తకమున వ్రాసికొన్నది. కోసిపెట్టెదనని అంగడివాడు చేయిచాపెను. మేము వలదంటిమి. సాయంకాలము మా మరదలు తొలిసారిగ తనచేత చేపకోసినది; మేము ప్రక్కన నిలిచి చింతపండు పిసికితిమి. పులుసు కుదిరినది. దాషి పొరలు కొన్ని మరునాటి సొరకాయకూరలో వేసితిమి, అదియు కుదిరినది.

పోదలచిన సోదరీమణులు ఆదివారములను, బుధవారములను విడువవలెను. ఆదినములలో పెక్కంగళ్ళు మూసియుండును. తొయోసువేలమును దగ్గరగ జూడవలెనన్న ముందుగ దరఖాస్తు పెట్టి చీటీలో పేరు రావలెను. చిల్లరనాణెములు దగ్గరనుంచుకొనుడు, నేల తడిగనుండును గనుక చీర కాస్త పైకి కట్టుకొనుడు. చేపముట్టని యింటివారు గ్రుడ్డట్టులోను, కూరలలోను గూడ దాషి యుండునని యెఱిగి, ముందే మార్గదర్శినికి చెప్పుట మంచిది. అట్టివారికి పచ్చళ్ళయంగళ్ళు, తేయాకు, నాచు, కత్తుల దుకాణములు కావలసినన్ని గలవు. మేము ఒక కూరకత్తి కొంటిమి. విమానమున చేతిసంచిలో పెట్టరాదు.