బట్టమేక : నడవడియు నివాసభూమియు

బట్టబయలు, బట్టతల అను మాటలు మనకు సుపరిచితములు. “బట్టమేక” అను పదము తరగతిలో వినబడినపుడు మాత్రము విద్యార్థులలో పెక్కురు అది యొక మేకజాతి యని తలంతురు. అది మేక కాదు, పక్షి. మద్రాసు సైన్యమున వైద్యుడుగా నుండిన జెర్డన్ 1862–64 నడుమ ప్రకటించిన భారతదేశ పక్షుల గ్రంథమున ఈ తెలుగు పేరును చేర్చియున్నాడు. ఇందలి ‘బట్ట’ను వస్త్రార్థమున గ్రహించినచో పేరు పొసగదు. బట్టబయలు, బట్టతల అను సమాసములందువలె ‘మఱుగు లేనిది’ అను భావమే ఇందును గలదని నా అభిప్రాయము. తెఱపి నేలలో మెల్లగా మేయుచు సాగిపోవు ప్రాణిని దూరమునుండి చూచినవారు మేక యనుట వింతకాదు. ఈ వ్యుత్పత్తిని అంగీకరింపనివారు సైతము, ఆ పక్షి నడవడి యంతయు మఱుగులేని బయలునుండియే యేర్పడినదని ఒప్పుకొనక తప్పదు.

మగపక్షి సుమారు ఒక మీటరు ఎత్తుండును. 8 మొదలు 14 కిలోగ్రాముల వఱకు తూగును. ఎగురగల పక్షులలో మిక్కిలి బరువైన వానిలో నిది యొకటి. ఆడుది అందు సగము మాత్రమే. కాళ్లు పొడవైనవి, బలమైనవి. వేళ్లు మూడే, అవియు ముందువైపునకే. వెనుకవేలు లేనందున కొమ్మను పట్టి నిలువజాలదు. కాన చెట్టు దీనికి ఆశ్రయము కాదు. పైగా శత్రువును కనబడనీయని అడ్డు, గ్రద్దకును కాకికిని పీట. బీడునేలను ‘బాగుచేయుటకై’ చెట్లు నాటినచోట్ల ఈ పక్షి మాయమగుటకు కారణము ఇదియే. ఉదయ సాయంకాలములందు ఒక్కొక్క అడుగు వేయుచు మిడుతలను, పేడపురుగులను, తొండలను ఏరుకొని తినును. రేగుపండ్లను, వేరుసెనగలను విడువదు. నడియెండలో నీడపట్టున కదలక కూర్చుండును.

దీని నడవడిలో విశేషముగా చెప్పదగినది మగపక్షి ఆడుదానిని పిలుచు తీరు. సంతానకాలమున అది గడ్డి పలుచగానున్న చోటనో, కొంచెము మిట్టగా నున్న చోటనో నిలిచి, మెడలోని సంచిని గాలితో నింపును. తెల్లని ఆ సంచి రొమ్ము దిగి కాళ్లనడుమ వ్రేలాడును. తోక వీపుమీదికి విసనకఱ్ఱవలె లేచును. అట్లుండి లోగొంతుతో చేయు గంభీరధ్వని అర కిలోమీటరు దూరమువఱకు వినబడును. ఇట్టి ప్రదర్శనము అడవిలో వ్యర్థము. చూపును ధ్వనియు ఆటంకము లేక పాఱు నేలయందే దానికి ఫలము గలదు.

దీని చుట్టమైన నేలనెమలి నివసించునది ఎత్తైన గడ్డి. మగ నేలనెమలి బట్టమేకవలె నిలుచుండిన గడ్డిలో మునిగిపోవును గదా! కావున అది యున్నచోటనే రెండుమీటర్ల ఎత్తువఱకు ఎగిరి, ఱెక్కలల్లార్చి, మరల గడ్డిలో పడును. దినమునకు కొన్నివందల మారులు ఇట్లు చేయును. ఒకే కుటుంబమునకు చెందిన రెండు పక్షులలో పిలుపు ఇంత వేఱగుటకు నేలపై గడ్డి యెత్తే హేతువు.

బట్టమేక గూడు కట్టదు. ఆడుపక్షి ఒట్టినేలపై సాధారణముగా ఒక్క గ్రుడ్డు పెట్టి, ఇంచుమించు ఇరువదియేడు దినములు తానే పొదుగును. మగదానికి అందు పాలు లేదు. పిల్ల నెలల తరబడి తల్లివెంట తిరుగును. ఏటికొక్క గ్రుడ్డు పెట్టు పక్షికి పసుల గిట్టలు, కుక్కలు, గుంటనక్కలు తెచ్చు నష్టము ఎంతటిదో వేఱుగ చెప్పనక్కఱలేదు.

ఇక చూపు. తలకు ఇరుప్రక్కల నున్న కన్నులతో అది నలుదెసలను కాచుకొనును; ఎదుటి చూపు మాత్రము ఇఱుకు. ఎగురునపుడు నేలను చూచుటకై తల వంచినచో ముందున్నది కనబడదు. అడ్డమనునది యెఱుగని బయలున ఇది లోపము కాదు. అదే బయలున విద్యుత్తీగెలు సాగినపుడు ప్రాణాంతకమైనది. బరువైన పక్షి చివరిక్షణమున మఱలనేరదు. ఈ తీగెలను భూగర్భమున వేయవలెనని సుప్రీంకోర్టు 2021లో ఆదేశించి, 2024లో దానిని సవరించినది. 2011 నుండి ఈ జాతి అత్యంత ప్రమాదస్థితియందున్న వానిలో లెక్కింపబడుచున్నది. మిగిలినవి ముఖ్యముగా రాజస్థానములోని జైసల్మేరు ప్రాంతమున గలవు. అచ్చట 2019 నుండి గ్రుడ్లను సేకరించి పొదిగించి పెంచుచున్నారు.

మనకును దీని నెలవొకటి గలదు. నేటి నంద్యాల జిల్లాలోని రోళ్లపాడు బయలున 1980ల యందు బొంబాయి ప్రకృతిచరిత్ర సంఘమువారు ఈ పక్షిని పరిశీలించిరి. 1988లో 614 హెక్టార్లు అభయారణ్యమైనవి. ‘అరణ్యము’ అను పేరే అచ్చట పొసగదు. ఆ పక్షికి కావలసినది అరణ్యము కానిదే. కంచెలోపల గడ్డి పెరిగినది, కృష్ణజింకలు పెరిగినవి. అవి చుట్టుపట్ల చేలపై పడగా రైతులకు కినుక కలిగినది. ఆ కినుక అన్యాయమని నేననలేను. మఱియొకవైపు కాలువనీరు వచ్చి మెట్టపైరుల తీరు మార్చినది. బట్టమేకకు గడ్డి యొక్కటే చాలదు. మేతకు మెట్టచేను, పిలుపునకు తెఱపి, గ్రుడ్డునకు కొంత గుబురు, మూడును దగ్గఱదగ్గఱ నుండవలెను. ఇటీవలి సంవత్సరములలో అచ్చట అది కనబడుట మిక్కిలి అరుదు.

రెవిన్యూ భాషలో ఇట్టి నేలకు బంజరు అని పేరు. పసులకాపరి నోట మాత్రము గడ్డికి, మిట్టకు, పిట్టకు వేర్వేరు పేర్లుండును. మాండలికపదములను సేకరించు పరిశోధకులు వృత్తిపదముల పట్టికలతో రోళ్లపాడు ప్రాంతమునకు పోవునపుడు నలుబదియేండ్లు దాటిన కాపరులను ముందుగా కలిసికొనుట మేలు. బట్టమేక మేయగా కన్నులార చూచి, దాని కూతకు తమ మాటలలో పేరు పెట్టినవారు ఉన్నచో వారిలోనే యుందురు.