పాత ఇంజను – నోటి మాట

మన గోడ పత్రికకి ఈసారి కథ కాకుండా ఒక చట్టం గురించి రాస్తున్నాను. చట్టం అనగానే పక్క కాగితానికి వెళ్ళిపోకండి. ఇది మా ఇంట్లో జరిగిన సంగతే.

పోయిన ఏడాది సంక్రాంతికి ముందు మా అయ్య, గెడ్డ నీళ్ళు కేబేజీ మడికి తోడడానికి పాత ఆయిల్ ఇంజను కొన్నాడు. ధర 12,000 రూపాయలు. పసుపు అమ్మిన డబ్బుల్లోంచి 9,000 కట్టి 3,000 బాకీ పెట్టాడు. షాపాయన, "బ్రహ్మాండమైన ఇంజను. పిస్టన్, రింగులు కొత్తవి వేశాం. మూడు నెలల్లో చెడితే బాగు చేసే పూచీ నాది" అన్నాడు. బిల్లు మీద మాత్రం ధర ఒక్కటే రాశాడు. పదిహేను రోజులకి నీలం పొగ వచ్చి ఇంజను ఆగిపోయింది. మెకానిక్కు విప్పి చూస్తే పిస్టన్ పాతదే, రింగులు అరిగిపోయాయి. షాపాయనని అడిగితే "పాత సామాను అంతే, నేనలా అనలేదు" అన్నాడు. పైగా బాకీ అడిగాడు. అయ్య అప్పు చేసి కట్టేశాడు. ఈలోగా సగం మడి ఎండిపోయింది.

సెలవుల తర్వాత సోషల్ సార్‌ని అడిగితే 1930 నాటి వస్తు విక్రయ చట్టం గురించి చెప్పారు. నాకు అర్థమైనంత రాస్తున్నాను.

అమ్మేవాడు వస్తువు గురించి స్పష్టంగా ఇచ్చే హామీని వారంటీ అంటారు. పాత సామానుకి వారంటీ ఉండదనుకోవడం తప్పు. మాట ఇస్తే పాతదానికైనా ఉంటుంది. అయితే ప్రతి మాటా హామీ కాదు. "బ్రహ్మాండమైన ఇంజను" అన్నది ఊరికే పొగడ్త. "పిస్టన్ కొత్తది", "మూడు నెలలు పూచీ" అన్నవి హామీలు. ఎందుకంటే అవి నిజమో కాదో విప్పి చూసి తేల్చవచ్చు.

నోటి మాట కూడా చట్టం ముందు చెల్లుతుంది. కాని రుజువు చెయ్యడమే కష్టం. మా అయ్య ఓడిపోయింది అక్కడే.

హామీ తప్పితే నష్టపరిహారం అడగవచ్చు. అదే చట్టం 59వ సెక్షన్ ప్రకారం ధరలో తగ్గింపు కూడా అడగవచ్చు. అంటే ఆ 3,000 బాకీ కట్టకముందే "రిపేరు ఖర్చు ఇందులో తగ్గించు" అని అడిగే హక్కు అయ్యకి ఉంది. ఆ సంగతి మా ఇంట్లో ఎవరికీ తెలియదు.

కొనేటప్పుడు ఇవి మరచిపోవద్దు:

1. చెప్పిన హామీని బిల్లు మీదే రాయించి, తేదీ, సంతకం తీసుకోవాలి.
2. "ఉన్నది ఉన్నట్టు అమ్మకం" అని బిల్లులో ఉంటే ముందే నిలదీయాలి.
3. తెలిసిన మెకానిక్కుని వెంట తీసుకెళ్ళి, నడిపించి చూడాలి.
4. చెడితే ఆలస్యం చెయ్యకుండా రాతపూర్వకంగా తెలపాలి.

షాపువాడు వినకపోతే జిల్లా వినియోగదారుల కమిషన్ ఉంది. సొంత బతుకుతెరువు కోసం కొన్న రైతు కూడా 2019 చట్టం ప్రకారం వినియోగదారుడే. 5 లక్షల లోపు వస్తువుకి ఫీజు లేదు. రెండేళ్ళ లోపు ఫిర్యాదు చెయ్యాలి. సలహాకి 1915 నంబరుకి ఫోన్ చెయ్యవచ్చు.

మొన్న దసరా సెలవుల్లో మా మావయ్య పాత స్ప్రేయర్ కొంటుంటే బిల్లు మీద హామీ నేనే రాశాను. షాపువాడు నవ్వాడు గానీ సంతకం పెట్టాడు. అయ్య ఇంజనుకి ఇంకా రెండేళ్ళు నిండలేదు. విప్పి చూసిన మెకానిక్కు సాక్ష్యం చెప్తానన్నాడు. ఫిర్యాదు రాయడానికి వార్డెన్ గారి సాయం అడుగుతున్నాను.

— 9వ తరగతి విద్యార్థి