చదరంగపు బల్ల ముందు ఇంజనీరు

చదరంగపు బల్లపై 64 గళ్ళును, 32 కాయలును మాత్రమే కలవు. ఆట ప్రారంభమున తెల్లకాయల వాడు వేయదగిన ఎత్తులు 20. దానికి ప్రత్యుత్తరముగా నల్లకాయల వాడు వేయదగినవియు 20. అనగా చెరియొక ఎత్తు వేయునప్పటికి ఆట 400 విధములుగా నడువవచ్చును. చెరి రెండేసి ఎత్తులు వేసినచో ఈ సంఖ్య 1,97,281 అగును. ఆట మధ్యభాగమున ఒక్కొక్క స్థితిలో సుమారు 30 ఎత్తులు సాధ్యములు. అమెరికా గణితవేత్త క్లాడ్ షానన్ 1950లో ఇట్లే లెక్క కట్టి, ఇరువురును 40 ఎత్తులు వేయు ఆటకు గల మార్గముల సంఖ్య, 1 ప్రక్కన 120 సున్నలు చేర్చినంత అని తేల్చెను. ఏ మేధావియు వీనినన్నిటిని చూడజాలడు. అట్లయినచో గ్రాండ్ మాస్టరు కొద్ది నిమిషములలో మంచి ఎత్తును ఎట్లు కనిపెట్టుచున్నాడు?

ఈ ప్రశ్నను బల్ల ముందు కూర్చుండియు, ప్రయోగశాలలో నిలిచియు విచారించిన వ్యక్తి మిఖాయిల్ బొత్విన్నిక్. ఆయన వృత్తిచే విద్యుత్ ఇంజనీరు. చదరంగములో మూడు పర్యాయములు ప్రపంచ విజేత.

బొత్విన్నిక్ 1911 ఆగస్టు 17న, సెయింట్ పీటర్స్ బర్గుకు సమీపమున ఉన్న కుఒక్కాలా అను ఊరిలో జన్మించెను. తల్లి దంతవైద్యురాలు, తండ్రి కట్టుడుపండ్లు తయారుచేయు పనివాడు. చదరంగము నేర్చుకొనునప్పటికి ఆయనకు 12 ఏండ్లు. నేటి బాలమేధావులతో పోల్చినచో ఇది ఆలస్యమనియే చెప్పవలెను. కాని సుమారు రెండేండ్లకే, 1925లో, నాటి ప్రపంచ విజేత కాపబ్లాంకా లెనిన్ గ్రాడుకు వచ్చి ఒకేసారి అనేకులతో ఆడినప్పుడు ఆయనను ఓడించినవారిలో ఈ 14 ఏండ్ల బాలుడును ఒకడు. 1931లో సోవియట్ దేశపు ఛాంపియను అయ్యెను. ఆ కాలముననే లెనిన్ గ్రాడులో విద్యుచ్ఛాస్త్రము చదువుచుండెను. రెండింటిలో దేనిని కూడ విడువలేదు.

ఇంజనీరు యంత్రమును విప్పి చూచినట్లు ఆయన తన ఆటలను విప్పి చూచెడివాడు. గెలిచిన ఆటలలో సైతము తప్పులు వెదకి, ఆ విశ్లేషణను అచ్చు వేయించెడివాడు. తన పొరపాటును ఇతరులు పట్టుకొనినచో అది లాభమేయని ఆయన అభిప్రాయము. పోటీకి ముందు ప్రత్యర్థి ఆటలను వరుసగా పరిశీలించి, ఎట్టి స్థితులలో అతడు తడబడునో గుర్తించెడివాడు. పొగాకు పొగ ఆయనకు సరిపడదు. అందువలన సాధన ఆటలలో మిత్రుడు రగోజిన్ ను ఎదుట కూర్చుండబెట్టి, తన ముఖముపై పొగ వదలుమని కోరెనట!

1938లో హాలెండులో జరిగిన ఏవ్రో పోటీలో కాపబ్లాంకాతో ఆడిన ఆట ప్రసిద్ధమైనది. బొత్విన్నిక్ బంటు ఒకటి ఆరవ వరుసకు చేరినది. దాని ముందు గడిలో నల్లమంత్రి అడ్డుగా నిలిచినది. 30వ ఎత్తున బొత్విన్నిక్ తన శకటును ఊరక అప్పగించి ఆ మంత్రిని దూరముగా లాగివేసెను. మరుసటి ఎత్తుననే గుర్రమును కూడ బలియిచ్చెను. దారి తెరచుకొన్నది, బంటు సాగిపోయినది. ఇక్కడ గమనింపదగిన విషయ మొకటి కలదు. ఆ కూర్పును తుదివరకు ఒకేసారి లెక్కింపజాలక రెండు దశలుగా నడిపితినని ఆయనయే తరువాత ఒప్పుకొనెను.

డచ్చి మనశ్శాస్త్రవేత్త అద్రియాన్ ద గ్రూట్ ఆ సంవత్సరములలో ప్రముఖ ఆటగాండ్రపై చేసిన పరిశోధనయు దీనికి దగ్గరగనే ఉన్నది. గ్రాండ్ మాస్టర్లు సామాన్యపు నేర్పరులకంటె ఎన్నో రెట్లు ఎక్కువ ఎత్తులు చూచుట లేదు. మంచివానినే ముందుగా చూచుచున్నారు. కొద్ది క్షణములు చూపి దాచిన బల్లను వారు దాదాపు తప్పు లేకుండ తిరిగి పేర్చగలిగిరి. 1973లో ఛేజ్, సైమన్ అను అమెరికా శాస్త్రజ్ఞులు కాయలను క్రమము లేకుండ చెల్లాచెదరుగా ఉంచి చూపగా, ఆ ఆధిక్యము దాదాపు మాయమైనది. అనగా గొప్పది జ్ఞాపకశక్తి కాదు. పరిచితమైన అమరికలను గుంపులుగా గుర్తించు అలవాటు.

యుద్ధకాలమున బొత్విన్నిక్ ఉరల్ ప్రాంతపు పెర్మ్ నగరమున విద్యుత్ శాఖలో పనిచేసెను. 1946లో విజేత అలెహిన్ మరణించుటచే ఖాళీపడిన ప్రపంచ పదవికి 1948లో అయిదుగురు పోటీపడగా, 20 ఆటలలో 14 పాయింట్లతో ఆయనకు అది లభించెను. తరువాత మూడేండ్లు బహిరంగముగా ఆడక పరిశోధనలో మునిగి, 1951లో డాక్టరేటు పొందెను. ఆ ఏడే బ్రాన్ స్టెయిన్ తో 12-12గా సమానమై, సమానమైనచో విజేతకే పదవి అను నియమముచే బయటపడెను. ఇంజనీరింగుకు ఆయన చెల్లించిన మూల్యము అంత తక్కువది కాదు.

1957లో స్మిస్లోవ్ చేతిలో ఓడి, 1958లో తిరిగి గెలిచెను. 1960లో 23 ఏండ్ల తాల్ 12½-8½గా ఓడించెను. ఇక బొత్విన్నిక్ పని అయిపోయినదని పలువురు తలచిరి. ఆయన తాల్ ఆటలను ముందు వేసికొని కూర్చుండెను. కాయలు చురుకుగా తిరుగాడు చోట తాల్ అజేయుడు. మంత్రులు తొలగి బల్ల నెమ్మదించినచో అంత బలవంతుడు కాడు. 1961లో అట్టి స్థితులనే కోరి తెచ్చికొని 13-8గా గెలిచెను. తాల్ అప్పుడు మూత్రపిండముల వ్యాధితో బాధపడుచుండెననుట కూడ మరువరాదు. 1963లో పెట్రోసియాన్ చేతిలో ఓడినప్పుడు, మరల పోటీ కోరు హక్కు నియమములనుండి తొలగింపబడి యుండెను.

ఆయన నడిపిన పాఠశాలలో కార్పోవ్, కాస్పరోవ్, క్రామ్నిక్ శిక్షణ పొందిరి. ముగ్గురును ప్రపంచ విజేతలైరి. 12 ఏండ్ల కార్పోవ్ ను చూచి ఈ బాలునికి భవిష్యత్తు లేదని గురువుగారు పెదవి విరిచిరి. 1975లో కార్పోవ్ విజేత అయ్యెను!

1970లో పోటీలు మానిన పిమ్మట బొత్విన్నిక్ కంప్యూటరుకు చదరంగము నేర్పుటకు పూనుకొనెను. యంత్రము అన్ని ఎత్తులను తిరుగవేయరాదు. మనుష్యునివలె ఒక లక్ష్యము నెంచుకొని, దానికి చేరు త్రోవలను, ఆ త్రోవల కడ్డుపడు కాయలను మాత్రమే చూడవలెనని ఆయన పంతము. ఆ ప్రోగ్రాముకు 'పయొనీరు' అని పేరు. అది కొన్ని కఠినసమస్యలను సాధించినది. ఆ పద్ధతి విద్యుత్ కేంద్రముల మరమ్మతులకు కాలపట్టికలు వేయుటకు కూడ ఉపకరించినది. కాని పూర్తి పోటీ ఆట ఎన్నడును ఆడలేదు. ఇతర సోవియట్ శాస్త్రజ్ఞులు రచించిన 'కైస్సా' 1974లో స్టాక్ హోములో మొదటి ప్రపంచ కంప్యూటరు పోటీని గెలిచినది.

బొత్విన్నిక్ 1995 మే 5న మాస్కోలో మరణించెను. రెండేండ్లకు, 1997 మేలో, ఆయన శిష్యుడు కాస్పరోవ్ ను 'డీప్ బ్లూ' అను యంత్రము 3½-2½గా ఓడించినది. అది సెకనుకు సుమారు 20 కోట్ల స్థితులను పరిశీలించెడిది. బొత్విన్నిక్ వలదన్న మార్గమే గెలిచినది. కాని కథ అంతటితో ఆగలేదు. 2017లో వచ్చిన 'ఆల్ఫాజీరో', తనతో తానే ఆడుకొని, ఏ స్థితిలో ఏ ఎత్తు పరిశీలింపదగినదో నేర్చుకొన్నది. సెకనుకు 7 కోట్ల స్థితులు చూచు 'స్టాక్ ఫిష్' ప్రోగ్రామును అది 100 ఆటలలో ఒక్కటియు ఓడక జయించినది. అది సెకనుకు చూచినవి సుమారు 80,000 మాత్రమే.