పాత ఫైటింగ్ గేములు, కొత్త ఫోన్లు

1998లో ప్లేస్టేషన్‌పై విడుదలై, తెలుగు పట్టణాల్లోని వీడియో గేమ్ షాపుల్లో పిల్లలు వంతులు వేసుకుని ఆడిన టెక్కెన్ 3 నేడు మామూలు ఆండ్రాయిడ్ ఫోన్‌లోనూ నడుస్తోందంటే, అది ఎమ్యులేటర్ చలవే. ఒక యంత్రం కోసం రాసిన ఆదేశాలను మరో యంత్రానికి అర్థమయ్యేలా ఎప్పటికప్పుడు మార్చి ఇచ్చే సాఫ్ట్‌వేర్‌ను ఎమ్యులేటర్ అంటారు. తొలి ప్లేస్టేషన్ ప్రాసెసర్ వేగం సుమారు 34 మెగాహెర్ట్జ్, ప్రధాన మెమరీ 2 మెగాబైట్లు మాత్రమే కనుక, నేటి ఫోన్‌కు ఆ పని పెద్ద బరువు కాదు.

ఎమ్యులేటర్ అనగానే పైరసీ అనుకోవడం పొరపాటు. కనెక్టిక్స్ అనే కంపెనీపై సోనీ వేసిన దావాలో, ప్లేస్టేషన్ పనితీరు తెలుసుకోవడానికి దాని లోపలి ప్రోగ్రామును నకలు తీసి పరిశీలించడం న్యాయమైన వినియోగమేనని అమెరికా అప్పీలు కోర్టు 2000లోనే తేల్చింది. పాత కన్సోళ్ల ఎమ్యులేటర్లను ఆపిల్ కూడా 2024 ఏప్రిల్‌లో తన యాప్ స్టోర్‌లోకి అనుమతించింది. చిక్కంతా ఆట నకలు దగ్గరే వస్తుంది. చట్టబద్ధంగా ప్రోగ్రాము ప్రతిని పొందినవారు అది పోయినా పాడైనా అక్కరకు వచ్చేలా నకలు తీసి ఉంచుకోవచ్చని భారత కాపీరైట్ చట్టం, 1957లోని 52వ సెక్షన్ చెబుతోంది గానీ, ఇంటర్నెట్‌లో ఎవరో పెట్టిన నకలును దింపుకోవడానికి ఆ వెసులుబాటు వర్తించదు. అమ్మకాలు ఆగిపోయినంత మాత్రాన ఆటపై హక్కులూ తీరిపోవు.

చట్టం సంగతి తేలాక మిగిలేది వేళ్ల సంగతి. 1991 నాటి స్ట్రీట్ ఫైటర్ 2లో ర్యూ అనే యోధుడి చేతుల నుంచి హడోకెన్ అనే శక్తిగోళం వెలువడాలంటే, కుడివైపు తిరిగి ఉన్నప్పుడు కింద, కింది కుడి మూల, కుడి అనే మూడు దిశలను ఒకే ఊపులో తిప్పి, వెంటనే గుద్దు బటన్ నొక్కాలి. తెరపై బొమ్మ సెకనుకు దాదాపు 60 సార్లు మారే ఇలాంటి ఆటలో ఒక్కో చట్రానికి (ఫ్రేముకు) దక్కేది 17 మిల్లీసెకన్ల లోపే. కొన్ని చట్రాల ఆలస్యమైనా ఎదుటివాడి దెబ్బ ముందు తగులుతుంది. బటన్ అంచు వేలికి తెలియని గాజు తెరపై ఆ ఊపు తరచూ తప్పుతుంది కనుక, ఈ ఆటలకు విడి కంట్రోలర్ దాదాపు తప్పనిసరి.

నకలు తీసుకోవడానికి సొంత డిస్కులు లేనివారికీ దారి ఉంది. నియోజియో అనే పాత గేమ్ యంత్రం కోసం వచ్చిన సమురాయ్ షోడౌన్ 4 వంటి ఆటలను హామ్‌స్టర్ సంస్థ ఫోన్లకు అధికారికంగానే అమ్ముతోంది. వాటిని కొనుక్కుని ఆడడమే అన్నిటికన్నా సులువైన, చింతలేని మార్గం.