పైన అగ్నిశిఖ, అడుగున లాంగలి

తెలుగునాట అడవినాభి అని పిలిచే తీగకు సంస్కృతంలో అగ్నిశిఖ, లాంగలి అనే రెండు పేర్లున్నాయి. మొదటిది మంటలా కనిపించే పువ్వును బట్టి వచ్చింది. రెండవది లాంగలం, అంటే నాగలి, ఆకారంలో రెండుగా చీలి ఉండే దుంపను బట్టి వచ్చింది. 1753లో లిన్నేయస్ దీనికి గ్లోరియోసా సుపర్బా అని శాస్త్రీయ నామం పెట్టాడు.

ఇది బహువార్షికం, అంటే ఏళ్ల తరబడి బతికే మొక్క. వానలు తగ్గాక పైతీగ ఎండిపోయినా నేలలోని దుంప ఎండాకాలమంతా నిద్రాణంగా ఉండి, తొలకరి పదునుకు మళ్లీ మొలకెత్తుతుంది. చిట్టడవులు, అడవి అంచులు, పొలాల ముళ్లకంచెలు దీని సహజ ఆవాసాలు. కాండం తనంతట తాను నిలబడలేదు కనుక, ఆకు కొన సాగి, నులితీగగా మారి, పక్క పొద కొమ్మను చుట్టుకుంటుంది.

పువ్వు తలవంచి ఉన్నా దాని ఆరు రేకులు మాత్రం వెనక్కి మడుచుకొని పైకి లేస్తాయి. అలల అంచులున్న ఆ రేకులు మొదట ఆకుపచ్చగా ఉండి, పసుపుకు తిరిగి, చివరకు కుంకుమ ఎరుపెక్కుతాయి. కింద ఆరు కేసరాలు చక్రపు ఆకుల్లా పక్కలకు చాచుకొని ఉంటే, కీలం, అంటే అండాశయం నుంచి సాగే సన్నని కాడ, మొదట్లోనే పక్కకు వంగి ఉంటుంది.

మొక్కలోని అన్ని భాగాలూ విషపూరితాలే. దుంపలోనూ గింజల్లోనూ ఉండే కోల్చిసిన్ కణవిభజనకు అవసరమైన సూక్ష్మ తంతువులను ఏర్పడనివ్వదు. ప్రాణం తీయగల ఈ గుణమే కొత్త వంగడాల తయారీలో క్రోమోజోములను రెట్టింపు చేయడానికి ఉపయోగపడుతోంది. అదే కోల్చిసిన్ తగిన మోతాదులో గౌట్ అనే కీళ్లవాపుకు మందు. అందుకే తమిళనాడు రైతులు గింజల కోసం దీన్ని సాగు చేస్తున్నారు. తమిళంలో కాందళ్ అనే పేరుతో ప్రాచీన సంగం కవులు కొండసీమల పువ్వుగా వర్ణించిన ఇది ఆ రాష్ట్ర పుష్పం కూడా. జింబాబ్వేకు ఇది జాతీయ పుష్పం.

ఆయుర్వేదం లాంగలిని ఉపవిషాల్లో, అంటే తీవ్రత కొంత తక్కువైన విషాల్లో, చేర్చింది. చిలగడదుంపగా పొరబడి దీన్ని తిన్నవారు చనిపోయిన ఉదంతాలు శ్రీలంకలో నమోదయ్యాయి. పైతీగ తెగినా దుంప మిగిలితే మళ్లీ మొలకెత్తగల మొక్క ఇది. దుంపనే తవ్వేస్తే ఆ చోట దాని బతుకు ముగిసినట్టే. కంచె మీద అగ్నిశిఖ కనిపిస్తే కళ్లారా చూడవచ్చు, లాంగలిని మాత్రం నేలలోనే ఉండనివ్వాలి.